ఉమ్మడి గాదెలోని లెక్క

లెక్క చేయుట యంత్రమునకు అప్పగింపబడిన ఈ దినములలో ఎక్కాలు వల్లించుట వ్యర్థమని యొక వాదము మన పాఠశాలలో సయితము వినబడుచున్నది. బాలురే గాక కొందరు తల్లిదండ్రులును, ఒకరిద్దరు ఉపాధ్యాయులును ఈ మాట పలుకుచున్నారు. దీనికి ప్రతిగా, కంప్యూటరును నమ్మరాదనియు, పలకయు బలపమును చాలుననియు చెప్పు పెద్దలును గలరు. ఈ రెండు వాదములును సత్యమునకు దూరములని నా యభిప్రాయము. ఏల అట్లు తలంచుచున్నానో, మన కంప్యూటరు గదిలో జరిగిన యొక చిన్న సంగతితో మొదలిడి చదువరులకు విన్నవించెదను.

మన పాఠశాలకు వచ్చు బాలబాలికలలో పలువురు ఖమ్మము మొదలుకొని భద్రాచలము వరకు గల అడవియంచు పల్లెలవారు. ఏప్రిలు, మే నెలలు రాగానే వారి యిండ్లలోని పెద్దలును పిన్నలును తునికాకు కోయుటకు తెల్లవారకమునుపే బయలుదేరుదురు. ఏబది యాకులు ఒక కట్ట. వేయి కట్టలు ఒక ప్రమాణపు సంచి. కల్లములో కట్టలు లెక్కింపబడును. ఆ లెక్కనుబట్టియే కూలి ముట్టును. కావున ఆ యిండ్లలో లెక్క యనునది మార్కులకొరకైన విద్య గాదు. వానకాలపు గింజలును, పిల్లల పుస్తకములును దానిమీదనే ఆధారపడియున్నవి.

తొమ్మిదవ తరగతి బాలుడొకడు, సెలవుల పిమ్మట బడికి వచ్చి, కట్టల సంఖ్యను ఇచ్చినచో ఆకుల సంఖ్యను చెప్పు చిన్న ప్రోగ్రామును సి భాషలో వ్రాసెను. మా గదిలోని కంపైలరు పాతకాలపుది. 600 కట్టలని యిచ్చినప్పుడు 30,000 అని సరిగనే చెప్పెను. 700 కట్టలని యిచ్చినప్పుడు మాత్రము తెరమీద −30,536 అని కనబడెను. ఆ బాలుడు నావైపు తిరిగి, "సారూ, మా నాయన కోసిన ఆకు అప్పుకింద పడిందా?" అని యడిగెను. తరగతి యంతయు నవ్వినది. వాడు మాత్రము నవ్వలేదు. వాని నోటుపుస్తకపు అంచున 35,000 అని పెన్సిలుతో ముందుగనే వ్రాసియుండెను.

నేను వానిచేత 1,400 కట్టలని వ్రాయించితిని. ఈసారి తెరమీద 4,464 అని వచ్చెను. సరియైన లెక్క 70,000. మొదటి తప్పునకు ముందు ఋణచిహ్నమున్నది గనుక చూచినవాడెల్ల గుర్తుపట్టును. రెండవదానికి అట్టి గురుతేదియు లేదు. చూచుటకు మంచి లెక్కవలెనే యున్నది. అయినను అది తొంబది కట్టలకైనను సరిపోదు! నవ్వుచుండిన తరగతి అప్పుడు నిశ్శబ్దమాయెను.

దీని కారణము కష్టమైనది గాదు. ఆ పాత కంపైలరు పూర్ణాంకమునకు 16 బిట్ల గూటిని మాత్రమే యిచ్చును. బిట్టు అనగా సున్న గాని ఒకటి గాని పట్టు స్థానము. పదునారు బిట్లతో 65,536 విధముల గురుతులు మాత్రమే వ్రాయనగును. అందు సగము ఋణసంఖ్యలకు పోగా, ఆ గూడు పట్టగల పెద్దసంఖ్య 32,767. అది దాటినచో, గడియారములో పండ్రెండు దాటిన ముల్లు మరల ఒకటికి వచ్చినట్లు, సంఖ్య వెనుకకు తిరిగి క్రింది కొసనుండి లేచి వచ్చును. 35,000లో 65,536 తీసివేసిన −30,536. 70,000లో అంతయే తీసివేసిన 4,464. యంత్రము అబద్ధమాడలేదు, తన గూటిలో పట్టినంతవరకు చెప్పినది. మిగిలినది పొరలిపోయినదని మాత్రము ఎవరికిని చెప్పలేదు.

ఇట్టి గూళ్లను పెక్కింటిని వరుసగా చేర్చి, చేతిలెక్కలో ఒకట్ల స్థానమునుండి పదుల స్థానమునకు మిగులు పంపునట్లు ఒక గూటినుండి మరియొక గూటికి మిగులు పంపుచు, ఎంత పెద్ద పూర్ణాంకమునైనను నడపవచ్చును. అయితే ఈ పనిని ప్రతివాడును తనకుతాను మొదటినుండి వ్రాసికొనవలెనా? వలదు. ఒకసారి నిపుణులు వ్రాసి, పరీక్షించి, అందరికిని అందుబాటున ఉంచిన ప్రోగ్రాముల సముదాయములు గలవు. వాటిని లైబ్రరీలని పిలుతురు. నేను వాటిని ఉమ్మడి గాదెలనెదను. ఊరివారందరు ధాన్యము తీసికొను గాదెనుండి వలె, వేలకొలది ప్రోగ్రాములు ఒక్క లైబ్రరీనుండి తమ కూడికలను, గుణకారములను తీసికొనుచున్నవి. స్వీడను దేశీయుడైన టోర్బ్యోర్న్ గ్రాన్‌లుండ్ మొదలిడిన జీఎంపీ యను లైబ్రరీ 1991లో వెలువడి, నేటికిని పెద్ద పూర్ణాంకముల పనికి ప్రసిద్ధమై యున్నది. దానిని ఎవరైనను వెల యియ్యక వాడుకొనవచ్చును. అందు ఒక్కొక్క గూటి భాగమును అవయవమని పిలుతురు. ఇంగ్లీషున అంకెకును వ్రేలికిని ఒకటే పేరు గనుక, వ్రేలికంటె పెద్దదగు భాగమునకు ఆ పేరు పెట్టిరట. పైథాను భాషలో అయితే పూర్ణాంకము ఎంత పెరిగినను గూళ్లు వాటంతట అవియే చేరును. మా బాలుని లెక్క అందు మొదటిసారియే సరిగా వచ్చెను.

ఉమ్మడి గాదె యనునది మనకు క్రొత్త గాదు. క్రీస్తుశకము 850 ప్రాంతమున, రాష్ట్రకూట రాజైన అమోఘవర్షుని కాలమున, మహావీరాచార్యుడు గణితసారసంగ్రహమను గ్రంథమును సంస్కృతమున రచించెను. పదునొకండవ శతాబ్దమువాడని సాధారణముగా చెప్పబడు పావులూరి మల్లన దానిని తెనుగు చేసెను. ప్రతి గ్రామ లెక్కరియు త్రైరాశికమును తాను కనిపెట్టవలసిన యక్కరలేకుండ, ఒకడు కూర్చినది అందరికి అందినది. లైబ్రరీ చేయు మేలు ఇదియే.

మల్లనదిగా చెప్పబడు నొక పద్యము చదరంగపు గడుల లెక్కను గూర్చినది. మొదటి గడిలో ఒక గింజ, రెండవదానిలో రెండు, మూడవదానిలో నాలుగు, ఇట్లు అరువది నాలుగు గడులును నింపిన మొత్తము 1,84,46,74,40,73,70,95,51,615. ఈ సంఖ్యను ఆ పద్యము శశి యన్న ఒకటి, వేదములన్న నాలుగు, గిరులన్న ఏడు, గగనమన్న సున్న యను పరిభాషలో, ఒకట్ల స్థానమునుండి మొదలిడి ఎడమకు పోవుచు తెలుపుచున్నది. నేటి కంప్యూటరులోని 64 బిట్ల గూడు, ఋణసంఖ్యలకు చోటియ్యనియెడల, పట్టగల పెద్దసంఖ్య సరిగా ఇదియే! దానికి ఒక గింజ చేర్చిన యెడల ఆ గూటిలో సున్న మిగులును. ఇంకొక సంగతి. జీఎంపీ లైబ్రరీయు పెద్ద సంఖ్యను నిలువ చేయునప్పుడు చిన్న స్థానపు అవయవమునే ముందుంచును. మిగులు పంపవలసిన దిక్కు ఎక్కడనైనను ఒకటే గదా.

ఉమ్మడి గాదెవలన కలుగు మేలు మరియొకటి గలదు. ఒక్కడు కనుగొన్న మంచి పద్ధతి, తెలియనివారికి సయితము లాభమిచ్చును. 1960లో మాస్కోలో ఇరువది మూడేండ్ల విద్యార్థియైన కారత్సుబా, గుణకారమును తగ్గించు నుపాయమును కనుగొనెను. 47ను 35తో హెచ్చింపవలెననుకొనుడు. మనము నాలుగు చిన్న గుణకారములు చేయుదుము. అతడు మూడింటితో ముగించెను: నాలుగు మూళ్లు 12, ఏడు అయిదులు 35, నాలుగును ఏడును కూడిన 11ని, మూడును అయిదును కూడిన 8తో హెచ్చింప 88. ఈ 88లో 12ను, 35ను తీసివేయగా 41. ఇక 1,200, 410, 35 కూడిన 1,645. చిన్న సంఖ్యలలో ఈ మేలు కనబడదు. వేల అంకెల సంఖ్యలలో మిక్కిలి గొప్పది. బజారులో ఫోనుతో డబ్బు చెల్లించునప్పుడు ఆ వర్తమానమును కాపాడు తాళములలో కొన్ని 2,048 బిట్ల పూర్ణాంకములు. అనగా దశాంశమున 617 అంకెలవరకు నుండును. ఫోను పట్టినవానికి కారత్సుబా పేరైనను తెలియదు. తెలియకున్నను పని జరుగుచున్నది. దీనిని నిందించువాడు బావినీరు త్రాగుచు బావి త్రవ్వినవారిని నిందించువాడు.

అయితే గాదె ఉమ్మడిదైనచో, దానిలోని పురుగును ఉమ్మడిదే. గణితసారసంగ్రహమున గొప్ప విషయములు పెక్కు గలవు. కాని సున్నతో భాగింపబడిన సంఖ్య మార్పు లేక నిలుచునని మహావీరాచార్యుడు వ్రాసెను. అది తప్పు. 1150 ప్రాంతమున భాస్కరాచార్యుడు అట్టి రాశిని ఖహరమని పేర్కొని, అనంతముగా నెంచెను. నేటి ప్రోగ్రాములలో పెక్కు, పూర్ణాంకమును సున్నతో భాగింపుమన్న, తప్పని తెలిపి నిలిచిపోవును. పెద్దలయెడ గౌరవమున్నంత మాత్రమున వారి సూత్రమును పరీక్షింపకయుండరాదని దీనివలన తెలియుచున్నది.

మన కాలపు నిదర్శనములు రెండు చెప్పెదను. క్రమముగా నమర్చిన పట్టికలో ఒక వస్తువును వెదకుటకు, మాటిమాటికి నడిమి స్థానమును చూచి సగము త్రోసివేయు పద్ధతి యొకటి గలదు. నడిమి స్థానము తెలియుటకు క్రింది సంఖ్యను మీది సంఖ్యను కూడి, రెంటితో భాగింతుము. ఇందు తప్పేమున్నదని మీరడుగుదురు. కాగితముమీద ఏమియు లేదు. కాని 32 బిట్ల గూటిలో ఆ కూడిక 2,14,74,83,647 దాటినచో ఋణసంఖ్యయగును. జావా భాషయొక్క ఉమ్మడి లైబ్రరీలో ఈ తప్పు సుమారు తొమ్మిదేండ్లు ఎవరికిని కనబడక దాగియుండెను. అంతకుమునుపు ఒక ప్రసిద్ధ గ్రంథమున సరియైనదని నిరూపింపబడిన పద్ధతియే అది! ఆ భాగమును లైబ్రరీలో వ్రాసిన జాషువా బ్లాక్ తానే 2006 జూనులో దీనిని బహిరంగముగా ప్రకటించి, సవరణను తెలిపెను. పెద్ద సంఖ్యలో చిన్నదానిని తీసివేసి, ఆ భేదములో సగమును చిన్నదానికి కూడిన, గూడు పొంగదు. తన తప్పును తానే లోకమునకు చెప్పుకొన్న ఆ పెద్దమనిషి నడవడి, అతని విద్యకంటెను మన బాలురకు ఎక్కువ పాఠమని నా తలంపు.

రెండవది దీనికంటె భయంకరము. 1996 జూను 4వ తేదీన ఐరోపావారి ఆరియాన్ 5 రాకెట్టు తన తొలి ప్రయాణమున, ఎగసిన సుమారు నలువది సెకనులలో ముక్కలైపోయెను. మార్గము చూపు యంత్రములోని ప్రోగ్రామును వారు పాత ఆరియాన్ 4 నుండి తెచ్చి పెట్టిరి. పాత రాకెట్టునకు సరిపోయిన 16 బిట్ల గూడు, వేగము హెచ్చిన క్రొత్త రాకెట్టు సంఖ్యను పట్టలేకపోయెను. ఆ గూటి హద్దు ఎంతయనుకొన్నారు? 32,767. మా బాలుని తునికాకు లెక్క చెడినది సరిగా ఆ హద్దునొద్దనే. అక్కడ వ్రాసినవారు తెలివితక్కువవారు గారు. ఎరవు తెచ్చినదాని హద్దును క్రొత్త చోట మరల కొలువలేదు, అంతే.

కాబట్టి నా వాదమిది: ఉమ్మడి గాదెనుండి తీసికొనుట తప్పు గాదు; చెరిగి చూడక వండుకొనుట తప్పు. చెరిగి చూచు చేయి మన బాలురకు కావలెనన్న, చేతిలెక్క మన బడిలో నిలువవలెను. యంత్రముతో పందెమునకు గాదు, యంత్రమునకు సాక్ష్యము పలుకుటకై.

అందుకు మూడు అలవాట్లు చాలును. మొదటిది అంచనా. 1,400 కట్టలనగా వేయికి మించినవి; వేయి కట్టలకే ఏబది వేల ఆకులు గదా, నాలుగు వేలెట్లు వచ్చును? ఎక్కాలు నోట నున్నవానికి ఈ సందేహము కనురెప్పపాటులో కలుగును. లేనివానికి ఎన్నటికిని కలుగదు. రెండవది తొమ్మిదుల శోధన. 47 అంకెలు కూడిన 11, మరల కూడిన 2. 35 అంకెలు కూడిన 8. రెండు ఎనిమిదులు 16, అనగా 7. ఫలమైన 1,645 అంకెలు కూడిన 16, అదియు 7. సరిపోయినది. కాని 1,654 అని తారుమారుగా వ్రాసినను 7 వచ్చును గనుక ఈ శోధన తప్పును పట్టును గాని, ఒప్పును స్థాపింపజాలదు. ఏ పరీక్ష ఎంతవరకు నమ్మదగినదో తెలియుటయు విద్యయే. మూడవది, పాత్రయొక్క హద్దు నెరుగుట. 1970 జనవరి 1 మొదలు గడచిన సెకనులను 32 బిట్ల గూటిలో లెక్కించు పాత యంత్రములకు, 2038 జనవరి 19వ తేదీ ఉదయము, మన కాలమానమున 8 గంటల 44 నిమిషముల 7 సెకనులకు గూడు నిండును. నేడు తొమ్మిదవ తరగతిలోనున్న బాలునికి అప్పటికి ముప్పదియేండ్లు నిండవు. ఆ యుదయమునకు ముందుగా యంత్రములను సరిచూడవలసినవారు మన బెంచీలమీదనే కూర్చున్నారు.

ఇందుకు కొందరు ఉపాధ్యాయ సోదరులు, "పాఠ్యక్రమము నిండియున్నది; ఎక్కాలకును శోధనలకును తీరిక యెక్కడ?" అని యడుగుచున్నారు. ఈ మాటలో కొంత న్యాయమున్నది. పది అంకెల సంఖ్యను పది అంకెలతో హెచ్చింపుమని బాలురను శిక్షించు పాతపద్ధతిని నేను కోరను. దానిని యంత్రమునకు విడుచుటయే మేలు. అట్లు విడిచిన కాలములో ఇరువది ఎక్కములును, అంచనాయు, శోధనయు నేర్పవచ్చును. కంప్యూటరు పాఠమున ప్రతి ప్రోగ్రాముతోపాటు చేతిలెక్కతో సరిచూచిన మూడు నిదర్శనములను, అందొకటి హద్దునొద్ద నుండునట్లు, బాలుడు చూపవలెనను నియమమును పెట్టవచ్చును. దీనికి క్రొత్త సొమ్మక్కరలేదు, క్రొత్త గది యక్కరలేదు.

గాదెను కాచువారి విషయమున మన ధర్మమును మరువరాదు. ఇట్టి లైబ్రరీలను వ్రాసి లోకమునకు ఉచితముగా నిచ్చినవారు, తమ పనిని గ్రుడ్డిగా నమ్ముమని చెప్పలేదు. జీఎంపీని తన కంప్యూటరులో కూర్చుకొనువాడు వాడుటకు ముందు దానితో వచ్చిన పరీక్షలను నడిపి చూడవలెనని ఆ లైబ్రరీ వారే గట్టిగా చెప్పుచున్నారు. ఏలయన కంపైలరులోని తప్పువలన మంచి ప్రోగ్రామును చెడవచ్చును. ఇచ్చినవాడే పరీక్షింపుమని చెప్పుచుండగా, పుచ్చుకొన్నవాడు సోమరియై యుండుట మర్యాద గాదు. తప్పు కనబడినప్పుడు నవ్వి పోవుటయు, నలుగురిలో నిందించుటయు గాక, ఎప్పుడు, ఏ సంఖ్యకు, ఏమి వచ్చినదో వ్రాసి వారికి తెలుపుట వాడుకొనువాని వంతు చాకిరి. మన బాలుడు నోటుపుస్తకపు అంచున వ్రాసినట్టి చిన్న లెక్కయే అట్టి వర్తమానమునకు ప్రాణము.

తప్పుడు తూనికను దేవుడు సహింపడని మనము ఆదివారపు బడిలో నేర్చుకొంటిమి. పూర్వము తూనిక చెడుటకు వర్తకుని దురాశ కావలసియుండెను. నేడు ఎవని దురాశయు లేకయే, ఎక్కడనో ఒక గూడు పొంగుటచేత, పేదవాని డెబ్బది వేలు నాలుగు వేలుగా మారవచ్చును. దురాశ లేనందున తప్పు చిన్నదగునా? కూలి పోగొట్టుకొన్నవానికి రెండును ఒకటే.

ఆ బాలుడు తన ప్రోగ్రామును పెద్ద గూటితో తిరిగి వ్రాసినాడు. అది ఇప్పుడు సరిగా పనిచేయుచున్నది. అయినను ఈ వేసవిలో తండ్రితో కల్లమునకు పోవునప్పుడు పెన్సిలును, పాత నోటుపుస్తకమును వెంట తీసికొనిపోయెదనని నాతో చెప్పెను. విద్యార్థులారా, యంత్రమును వాడుడు, ఉమ్మడి గాదెనుండి నిండుచేతులతో తీసికొనుడు. ఆ పెన్సిలును మాత్రము ఇంటియొద్ద విడువకుడు.